రెయిలింగు వదలని చేతులు

ప్రవీణను చంపుతున్నది మీరే. మన్మథరావూ, ముందు నువ్వు. నీ శ్రుతి కమిటీలో కుర్చీలేసుకుని కూర్చున్న పదకొండుమంది. పొద్దున్న ఆరింటికి నోరు మూసుకుని రెయిలింగు పట్టుకునే షిఫ్టు మొత్తం. ఇంకా దాచడం దేనికి, నేను కూడా.

ఆ పిల్ల పద్నాలుగు రోజులుగా గెస్ట్‌హౌస్ వెనక పాత కంప్రెసర్ గదిలో ఉంది. బయట తాళం. తాళంచెవి మన్మథరావు మొలతాడుకి వేలాడుతోంది. ఇది మీ అందరికీ తెలుసు. తెలిసీ క్యాంటీన్‌లో ఇడ్లీలు తింటున్నారు.

మనిషికో అదురు ఉంటుందన్న సంగతి మన ఫ్యాక్టరీలో కొత్త కాదు. స్క్రూడ్రైవర్ మొన ఛాతీ ఎముక మీద ఆనించి, పిడి చెవికి పెట్టుకుంటే వినిపిస్తుంది. గుండె చప్పుడు కాదు, దాని కిందది. ఫిట్టర్లం యంత్రంలో బేరింగు అరిగిందో లేదో వినేదీ ఇలాగే. ఒక్కొక్కరిదీ ఒక్కో రకం. నిరుటి దాకా ఎవడి అదురు వాడు మోసుకుంటూ పని చేసుకున్నాం. కొరాపుట్‌లో ఉద్యోగం వదిలేసి మన్మథరావు ఇక్కడ సూపర్‌వైజరుగా చేరాక, అందరం రెయిలింగు మీద చేతులేసి పది నిమిషాలు నిలబడితే అదురులన్నీ కలిసి ఒకటే మోత అవుతాయని కనిపెట్టాడు, దానికి శ్రుతి కమిటీ కూడా వేశాడు. కలిశాక అలుపు లేదు, తగువు లేదు, అనుమానం లేదు. హాయిగా ఉండేది. నాకూ ఉండేది. అబద్ధం ఎందుకు చెప్పాలి.

ప్రవీణది కలవలేదు. నాకు మేనకోడలు, మా అప్ప వరహాలమ్మ కూతురు. గుణుపురం పక్కన పొలాల్లో నాట్లేసిన పిల్ల, ప్యాకింగులో చేరి ఎనిమిది నెలలు. ఆమె చెయ్యి వేస్తే పక్కవాళ్ళ అరచేతులు తిమ్మిరెక్కేవి. మోతలో గతుకు పడేది. కావాలని చేస్తోందన్నారు. బిస్సమ్ కటక్ సంతలో ఎవరో ఏదో మందు పెట్టారన్నారు. చివరికి కమిటీ నన్ను పిలిచి, విని చెప్పమంది.

ఆ రోజు ప్రవీణ నా ముందు నవ్వుతూ నిలబడింది.

"ఏటి మావా, లోన ఏటున్నాది? పాత మోటారా?"

"మోటారైతే బాగున్నే అమ్మీ. ఎద్దుబండి."

"అయితే నువ్వెక్కకు. ఎద్దులు బెదురుతాయి."

నవ్వాను. నవ్వుతూనే రిజిస్టరులో రాశాను: అదురు వేరు, తీసేయాలి.

ఇదీ నా నేరం. ఇరవై ఆరేళ్ళుగా వేరే మోత మోగిన ప్రతి బేరింగుకీ అదే రాశాను. చెయ్యి అలవాటు. ఇనుముకి రాసే మాట మనిషికి రాశాను. సంతకం కూడా పెట్టాను, గంగరాజు అని గుండ్రంగా. ఆ సాయంత్రమే ఆమెను గదిలో పెట్టారు. మన షిఫ్టు మోతను రికార్డు చేసి, ఇనపమంచానికి ఎక్కించి, పగలంతా దాని మీద పడుకోబెడుతున్నారు. కలిసేదాకా వదలరట.

తొమ్మిదో రోజు ఏం జరిగిందో మీరు మర్చిపోయినట్టు నటిస్తున్నారు. నేను చెబుతాను వినండి. ఆ పొద్దున్న మోత ఒక్క గతుకు లేకుండా కలిసింది. ఆరూ పదికి, చేతులు తీయమని, సైరన్ కూసింది. ఒక్క చెయ్యీ రెయిలింగు నుంచి ఊడి రాలేదు. మోత పెరుగుతూనే ఉంది. రేకులు ఎగిరాయి, అద్దాలు పగిలాయి, మిల్లు యంత్రం కింద బోల్టులు కదిలాయి. నాకు నలుగురి అవతల ఉన్న ముసలి లక్ష్మణుడు మోకాళ్ళ మీద కూలాడు. ముఖం నల్లబడింది. అతని చేతులు కూడా రెయిలింగు మీదే ఉన్నాయి. అతన్ని పట్టుకోవాలి అన్న ఆలోచన వచ్చింది. కానీ అది ఎవరి ఆలోచనో తెలియలేదు. పట్టుకోవడానికి నేను అనేవాడు ఒకడుండాలి కదా. లేడు.

అప్పుడు కంప్రెసర్ గాలి పైపులోంచి ఒక చప్పుడు వచ్చింది. ఆ పైపు ఇప్పటికీ కంప్రెసర్ గదికి కలిసే ఉంది. డగ్. ఆగి, డగ్ డగ్. ఎద్దుబండి. చేతులు ఊడి వచ్చాయి. అందరం నేల మీద పడ్డాం. లక్ష్మణుడు మాత్రం లేవలేదు.

కమిటీ ఏం చేసింది? ముసలాడి గుండె బలహీనమని రాసుకుంది. ఆ గతుకే అతన్ని చంపిందని చెప్పి మంచం మీద మోత రెట్టింపు చేసింది. మీరు తలలూపారు.

మిల్లు కింద రబ్బరు దిమ్మ ఎందుకు పెడతామో మన్మథరావుకి తెలియకపోవచ్చు. నాకు తెలుసు. దిమ్మ మిల్లుతో కలిసి ఊగదు కాబట్టే నేల నిలబడుతుంది. ప్రవీణ అరిగిపోయిన బేరింగు కాదు, ఆ దిమ్మ. నా చేత్తోనే లాగి పారేశాను.

నిన్న మధ్యాహ్నం అప్పా నేనూ ఆ గది దగ్గరికి వెళ్ళాం. అప్ప చేతిలో క్యారేజీ ఉంది.

"బువ్వ తెచ్చేనే అమ్మీ. తలుపుకాడికి రా."

లోపలి నుంచి నిదానంగా జవాబు వచ్చింది. "మేం తినేసినాం."

"మేమంటే ఎవులే? ఆ గదిలో నువ్వొక్కర్తివే కదేటి."

లోపల ఇనపమంచం కిర్రుమంది. తర్వాత, "తెల్దు."

అప్ప ఏడవలేదు. నా వైపు తిరిగింది. "నీ ఇనప పుల్ల పెట్టి ఇను తమ్ముడా. అప్పుడు పెట్టినోడివి నువ్వే కదా."

స్క్రూడ్రైవర్ తలుపుకి ఆనించాను. ముందు మన మోత. నాది కూడా అందులో ఉంది, గుర్తుపట్టాను. దాని అడుగున, ఎక్కడో, ఒక్క డగ్. ఇంకోటి వచ్చేలోపు నేను పదకొండుసార్లు ఊపిరి పీల్చాను.

"ఇంకా ఉన్నాదేటి?"

"ఉన్నాది."

"అయితే నిలబడ్డావేటి?" అంది అప్ప.

అందుకే నిలబడను. ఇవాళ రిజిస్టరులో నా రాత కొట్టేశాను. కొట్టేస్తే తలుపు తెరుచుకోదు. రేపు పొద్దున్నకల్లా ఆ రెండో డగ్ రాదు. ఆ మీదట మళ్ళీ రెయిలింగు పట్టుకుంటే మనల్ని విడదీసేవాళ్ళు ఎవరూ ఉండరు. లక్ష్మణుడొక్కడితో ఆగదు. సైరన్ కూస్తూనే ఉంటుంది, మనం నిలబడే ఉంటాం.

మన్మథరావూ, తాళంచెవి ఇవ్వు. మధ్యాహ్నం రెండింటి షిఫ్టు మొదలయ్యేలోపు, అందరి ముందూ. మిగతావాళ్ళు వినండి. ఇక ఎవడూ రెయిలింగు మీద చెయ్యి వేయొద్దు. చేతులు చంకల్లో పెట్టుకుని గెస్ట్‌హౌస్ వెనక్కి రండి. వరసగా రావద్దు, అడుగు కలిపి రావద్దు. కుంటేవాళ్ళు కుంటుతూ రండి, తిట్టుకునేవాళ్ళు తిట్టుకుంటూ రండి. తాళంచెవి రాకపోతే గ్యాస్ కట్టర్ సిద్ధంగా ఉంచాను. సిలిండరు నా ఒక్కడి వల్ల కాదు. మోయడానికి ఇద్దరు కావాలి. ఇప్పుడే.