ముందు నీ పేరు

మా లేసు వీధిలో పెళ్ళి చేసుకోకుండా, కన్యాస్త్రీల మఠంలోనూ చేరకుండా ఉండిపోయిన మనిషి అమెల్‌బెర్గా ఒక్కతే. పద్యాలు రాసేది. అదీ పెద్దిళ్ళవాళ్ళ ఫ్రెంచిలో కాదు, మేం చేపలు బేరమాడే మా ఫ్లెమిష్ భాషలో. నా భర్త పోయాక నేను ఆమె పక్కింట్లో చేరాను. మధ్యాహ్నాలు ఆడవాళ్ళం గుమ్మాల ముందు, ఒళ్ళో దిండ్లు పెట్టుకుని, వాటిమీద లేసు అల్లుతుంటే, తను మా మధ్య కూర్చుని అప్పుడే కుదిరిన పాదాలు పైకి చదివేది. నచ్చకపోతే మొహమాటం లేకుండా చెప్పేవాళ్ళం.

"అశ్రుధార ఏంటే? ఏడుపు అను. మేం ఏడుస్తాం గానీ ధారలు కార్చం," అన్నాను ఒకసారి.

పడీపడీ నవ్వి, ఆ మాట మార్చేసింది.

ఆ ఏడు మా చర్చికి కొత్త హాలు కట్టారు. ప్రారంభానికి పద్యం కావాలని ఫాదర్ లివినస్ అమెల్‌బెర్గాను అడిగారు. లేసు అల్లే ఆడవాళ్ళకు చదువు కావాలంటూ రాసిచ్చింది. ఆయన చదివి కాగితం మడిచారు.

"బావుందమ్మా. కానీ ఆడమనిషి వేదికెక్కితే ఎలా? బిషప్‌గారి మనుషులొస్తున్నారు. బడి మాస్టారు చదువుతాడులే."

"దేవదూత నేరుగా మరియమ్మ దగ్గరికే వచ్చాడు కదా ఫాదర్? ఆవిడకు కాబోయే భర్త యోసేపుతో కబురు పంపలేదే!"

"నన్ను ఇరుకున పెట్టకు తల్లీ."

ఆయన చెడ్డవాడు కాదు, భయస్తుడు.

"ఇచ్చింది వెనక్కి తెచ్చేసుకో," అన్నాను, తను ఇంటికొచ్చి ఇదంతా చెప్పాక.

"పోనీ ఫరాయిల్డా. నోరెవరిదైతేనేం, మాట వినపడితే చాలు," అంది గానీ, కాఫీ కప్పు తాగకుండానే పక్కన పెట్టేసింది.

ప్రారంభం రోజున హాలు కిటకిటలాడింది. మేం వెనక గోడకానుకుని నిలబడ్డాం. మాస్టారు గొంతు సవరించుకుని మొదలుపెట్టాడు. రెండో పాదానికల్లా నా పక్కనున్న కోలెటా పెదాలు కదిలాయి. ఎండాకాలమంతా గుమ్మాల ముందు విన్న పద్యమాయె! నేనూ అందుకున్నాను. చూస్తుండగానే వెనక వరసంతా ఒక్క గొంతై లేచింది. ఎవరూ అనుకుని చేసింది కాదు. మాస్టారు బిత్తరపోయి ఆగాడు. మేం ఆగలేదు.

ముందు బెంచీలో ఉన్న అమెల్‌బెర్గా వెనక్కి తిరిగి మా ముఖాలు ఒక్కొక్కటే చూసింది. ఫాదర్ లేచారు.

"మాస్టారూ, మీరు కూర్చోండి. అమ్మా, పైకి రా. మిగతాది నువ్వే చదువు."

తను వేదిక వైపు వెళ్ళలేదు. నడుచుకుంటూ మా దగ్గరికొచ్చి, నా చెయ్యి పట్టుకుని, చివరి చరణం మాతో కలిసి చెప్పింది.

ఫాదర్‌కు పైనుంచి గట్టిగానే చివాట్లు పడ్డాయట. ఆ వారమే ముఖం ముడుచుకుని మా వీధికొచ్చారు.

"తిట్లు ఎలాగూ తిన్నాను. ఇంకో పనికి కూడా కలిపి తింటాను. ఆదివారం పూజయ్యాక హాలు ఖాళీయే. వీళ్ళకు చదువు చెప్తావా అమ్మా?"

మొదటి ఆదివారం నా చేతిలో బలపం విరిగిపోయింది. అమెల్‌బెర్గా ఇంకోటి ఇచ్చి, వెనక నిలబడి నా చేతిమీద చెయ్యి వేసింది.

"ఏం రాద్దామే?"

"మా ఆయన పేరు. విన్నోక్ అని."

"రాద్దాం. ముందు నీ పేరు."

వంకరటింకరగా నా పేరు రాశాం. దాని కింద ఆయనది. పలక ఒళ్ళో పెట్టుకుని ఆ రెండు పేర్లనీ చూస్తూ ఉండిపోయాను. తను తొందరపెట్టలేదు.