మిజ్‌బిల్ టీవీలో కనబడిన రోజు

ఆ వేసవిలో రెల్లు చిత్తడికి నది నీళ్లు రాలేదు. పైన ఆనకట్ట గేట్లు దించేశారు. మిగిలిన నీళ్లు ఉప్పెక్కాయి. అవే తాగి గేదెలకు కళ్లు పోతున్నాయి. మిజ్‌బిల్ గేదెల్లో పెద్దది గట్టెక్కేటప్పుడు మూతితో దారి తడుముకుంటోంది.

బాగ్దాద్ నుంచి టీవీవాళ్లు వస్తున్నారని తెలిసి ఊరంతా మిజ్‌బిల్ దగ్గరికి వచ్చింది.

"నువ్వే మాట్లాడాలి మామా. మా నోళ్లకి తిట్లు తప్ప రావు," అన్నాడు పక్కింటి దాఖిల్. "ఒక్కటే మాట, గేట్లెత్తమను. మంత్రి టీవీ చూస్తాడంట."

వచ్చినావిడ పట్నపు పిల్ల. ఎండకి మొహం కందిపోయింది. అలా వచ్చిన మనిషిని నిలబెట్టి గోడు చెప్పుకోవడం ఆ నీళ్లమీద బతికేవాళ్లలో లేదు. ముందు రెల్లుతో కట్టిన అతిథుల చావడిలో కూర్చోబెట్టాలి. కూర్చోబెట్టాడు. భార్య ఫుద్దా ఇంట్లో ఉన్న కాస్త మీగడా, బియ్యప్పిండి రొట్టే తెచ్చి పెట్టింది. కెమెరా తిరుగుతోంది.

"ఎలా ఉన్నారు బాబాయ్? ఇబ్బందులేమైనా ఉన్నాయా?"

ఆమె నోట్లో ఇంకా రొట్టె ఉంది. తింటున్న అతిథి అడిగితే జవాబు ఒకటే, తాతలనాటి నుంచీ. మిజ్‌బిల్ గుండెల మీద చెయ్యి పెట్టుకుని నవ్వాడు.

"దేవుడి దయ తల్లీ. మాకేం లోటు? ఇంకాస్త మీగడ వేసుకో."

తర్వాత బయటికి తీసుకెళ్లి గేదె కళ్లకు పట్టిన తెల్లపొర చూపించాడు. గేట్ల సంగతి, ఉప్పు సంగతి, పోయిన దూడల సంగతి చెబుతూ కళ్లు తుడుచుకున్నాడు. ఆమె కూడా కళ్లు తుడుచుకుంది.

శుక్రవారం సాయంత్రం ఊరంతా టీ కొట్లో చేరింది. టీవీలో చావడి కనబడింది, మీగడ కనబడింది, మిజ్‌బిల్ నవ్వాడు. "దేవుడి దయ తల్లీ. మాకేం లోటు?" అంతే. తర్వాత సబ్బు ప్రకటన.

అందరూ మిజ్‌బిల్ వైపు తిరిగారు.

"చెప్పానురా," అన్నాడు మిజ్‌బిల్. "బయట అంతా చెప్పాను."

"బయట గేదెలకి చెప్పావు మామా. మంత్రికి మీగడ చూపించావు," అన్నాడు దాఖిల్.

"అతిథి తింటుంటే మరేం అంటాడ్రా? నువ్వైతే ఏడుస్తావా?" అన్నాడు ఒక ముసలాయన.

ఆ మాట నిజమే. అందుకే అందరికీ ఇంకా కోపం వచ్చింది.

మిజ్‌బిల్ గేట్ల సంగతి అడగడానికి కాలువల ఆఫీసుకు వెళ్లాడు. గుమాస్తా చూడగానే లేచి నిలబడ్డాడు.

"టీవీలో నువ్వే కదా పెద్దాయనా! మా సారు కూడా చూశారు. చిత్తడివాళ్లు చల్లగా ఉన్నారని సంతోషపడ్డారు."

టీ తెప్పించాడు. టీ ఇచ్చిన మనిషి మీద గొంతెత్తడం మిజ్‌బిల్‌కు చేతకాలేదు. మెల్లగానే చెప్పుకున్నాడు. గుమాస్తా తలూపుతూ విని, "చూద్దాంలే," అన్నాడు.

గేట్లు లేవలేదు. ఒక్కొక్క ఇల్లే గేదెలను లారీ ఎక్కించి ఉత్తరానికి పోయింది. దాఖిల్ వెళ్తూ ఇటు చూడనైనా చూడలేదు.

ఒక మధ్యాహ్నం చూలు గేదె నీటి వాసన పట్టుకుని చిత్తడి లోపలికి నడిచి, బురదలో పొట్టదాకా దిగబడింది. మిజ్‌బిల్, ఫుద్దా తాడు వేసి లాగారు. అది ఒకసారి అరిచి ఊరుకుంది. ఎవరినైనా పిలుద్దామని ఆయన గట్టెక్కాడు. ఇళ్లున్న చోటల్లా, పోయినవాళ్లు కప్పిన చాపలు ఊడదీసుకుపోగా, ఉత్త రెల్లు కమానులు నిలబడి ఉన్నాయి.

"ఎవరైనా ఉన్నారా?" అని అరిచింది కింద నుంచి ఫుద్దా.

ఆయన దిగివచ్చి మళ్లీ తాడు పట్టుకున్నాడు.