వడగళ్ళ ఏడు పుట్టిన పిల్ల

గ్రంథాలయంలో పదమూడో అర తుడవడానికి యెషార్గ్ నేలమీద కూర్చుంది. మిగతా పన్నెండు నెలల అరలూ నిచ్చెన వేసుకుంటే తప్ప అందవు. ఈ పదమూడోది మాత్రం ఇక్కడి పంచాంగంలో ఏడాది చివర వచ్చే అయిదారు రోజుల నెలకి తగ్గట్టు చిన్న గూడు. అందులోకి వంగి, తోలుకాగితాల కట్టల మీది దుమ్ముని మెత్తటి గుడ్డతో అద్ది తీయాలి. రుద్దితే సిరా పోతుంది. ఇరవై రెండేళ్ళుగా ఆమె అద్దుతూనే ఉంది. ఇవాళ గుడ్డ రెండుసార్లు చేతిలోంచి జారింది.

గొండర్ కొండమీది కాల విద్యాపీఠంలో కాలం సంగతి తెలియనివాళ్ళు ఇద్దరే అనేవాడు కాపలాదారు వుబె. తనూ, యెషార్గూ. మిగతావాళ్ళంతా పండితులు. నీడని అడుగులతో కొలుస్తారు, గ్రహణాలు లెక్కకడతారు, వందేళ్ళ తర్వాతి ఉపవాసం ఏ రోజున వస్తుందో ఇప్పుడే చెప్తారు. భోజనాల గంట ఎప్పుడు కొడతారని మాత్రం వుబెనే అడుగుతారు.

ఆమె సన్నటి మనిషి. మెడ చుట్టూ పచ్చబొట్టు సిలువలు, నీలం వెలిసిపోయి చర్మంలో కలిసిపోయాయి. నడుం వంచితే లేవడానికి గోడ పట్టుకోవాలి, అదీ ఎవరూ చూడకుండా పట్టుకోవాలి. తలగుడ్డ కనుబొమల దాకా లాగి కట్టుకుంటుంది. మా వంశంలో జుట్టు తొందరగా నెరుస్తుంది అని అడగనివాళ్ళకి కూడా చెప్పేది.

చీపురు పట్టుకుని వాకిట్లోకి రాగానే వుబె పలకరించాడు.

"ఏం చెల్లెమ్మా, ఇవాళ నీ వంతటగా? అలెకా ముందు కూర్చున్నావంటే మీ తాత పెళ్ళెప్పుడైందో కూడా కక్కిస్తాడు."

"నాకేం తెలుసన్నా? పుట్టినప్పుడు నేనేమన్నా రాసిపెట్టుకున్నానా?"

"వంటావిడని చూశావుగా! మూడేళ్ళు వయసు పెంచి పంపాడు. పాపం, మొన్నటిదాకా పడుచుపిల్లే."

అతను పడీపడీ నవ్వాడు. ఆమె వంగి వాకిలి ఊడవడం మొదలుపెట్టింది.

వుబెకి యాభై అయిదు. ఆమెకి కాగితం మీద యాభై రెండు. ఒంటిమీద అరవై ఒకటి.

ఆ కాగితం చెల్లెలిది. యెషార్గ్ అనే పిల్ల మూడేళ్ళ వయసులో జ్వరమొచ్చి పోయింది. బాప్తిస్మం కాగితం తల్లి పెట్టెలో మిగిలిపోయింది. మొగుడు పోయాక అక్క దెబ్రితు పని వెతుక్కుంటూ ఈ కొండెక్కేనాటికి ఆమెకి ముప్పై తొమ్మిది. ముప్పై అయిదు దాటినవాళ్ళని పనిలోకి తీసుకోం అన్నారు. మర్నాడు చెల్లెలి కాగితం పట్టుకుని మళ్ళీ ఎక్కింది. ఆ రోజు నుంచీ ఆమే యెషార్గ్. దెబ్రితు అని పిలిచేవాళ్ళు ఊళ్ళో ఒక్కొక్కరే పోయారు. కిందటేడు ఆఖరి మేనత్త కూడా పోయింది.

దొంగ కాగితం పెట్టాడని రెండేళ్ళ కిందట తోటమాలిని పట్టుకుపోయారు. పాపం, మొక్కలకి నీళ్ళు పెడుతున్నవాణ్ణి పెడుతున్నట్టే తీసుకెళ్ళారు. వాడి గురించి తర్వాత ఎవరూ మాట్లాడలేదు. పోలీసు జీపు కొండెక్కే చప్పుడు ఆమెకి ఇప్పటికీ నిద్రలో వినిపిస్తుంది.

ఇప్పుడు ఈ జననాల లెక్క ఒకటి వచ్చిపడింది. తేదీలు తెలియని మనుషులు తాము పుట్టిన ఏడుని ఎలా గుర్తుపెట్టుకుంటారో రాసి గ్రంథాలయంలో దాచాలని అలెకా మెర్షా పట్టుదల. మిడతల ఏడు, కలరా ఏడు, వంతెన కూలిన ఏడు. అలెకా అంటే చదువుకున్న పెద్ద పూజారి. ఆయన దగ్గర అన్ని ఏళ్ళకీ పట్టికలున్నాయి. పనివాళ్ళని రోజుకొకరిని పిలుస్తున్నాడు.

భయపడాల్సిందేముందని తనకి తాను చెప్పుకుంది. చెల్లెలు పుట్టిన రోజు తనకి బాగా తెలుసు. అదే చెప్తే పట్టికకి సరిపోతుంది, కాగితానికీ సరిపోతుంది. మధ్యాహ్నం ఇంజెరా రొట్టె ముక్క పప్పులో అద్దుకుని నోట్లో పెట్టుకుంది. మిగతాది వంటావిడకి తిరిగిచ్చేసింది.

ఇక్కడ గంటలు పొద్దుపొడుపు నుంచి లెక్క. తొమ్మిదో గంటకి, ఎండ పడమటి కిటికీలోకి వచ్చే వేళకి, ఆమె అలెకా గది గుమ్మంలో నిలబడింది.

"రా తల్లీ, కూర్చో. అంత భయమెందుకు? పళ్ళు పీకడానికి పిలవలేదులే."

ఎనభైకి దగ్గరపడ్డ మనిషి. ఆయన ముందు ఒక మందపాటి కార్డు ఉంది. దాని మీద రెండు గీతలు. పైదాని పక్కన 'పుట్టినవారు' అనీ, కిందిదాని పక్కన 'చెప్పినవారు' అనీ రాసి ఉంది. ఆయన పై గీత మీద 'యెషార్గ్' అని రాశాడు.

"వడగళ్ళ ఏడు పుట్టానయ్యా. మెస్కెల్ సిలువ పండగ ఇంకా మూడు రోజులుందనగా."

"ఏ వేళ?"

"పొద్దు వాలాక."

అక్కడితో ఆపాల్సింది. కానీ ఆ రోజు గురించి ఆమెని ఇంతవరకూ ఎవరూ అడగలేదు. అడిగాక నోరు ఆగలేదు.

"కోడిగుడ్లంత రాళ్ళయ్యా. ఏటికి పోయే దారి లేదు. చూరు కింద పడ్డ రాళ్ళే ఏరి కుండలో వేస్తే కరిగి కాగాయి. మంత్రసాని నిలువునా తడిసొచ్చింది. కుండ దించబోతే ఇదిగో, ఇక్కడ కాలింది. అమ్మ గుడ్డ కరుచుకుందే గానీ అరవలేదు. బిడ్డ నీలంగా వచ్చింది, ఏడుపు లేదు. కాళ్ళు పట్టుకుని తలకిందులు చేస్తే అప్పుడేడ్చింది, పిల్లికూనలాగ. తుడిచి నా ఒళ్ళో పెట్టారు. ఇంతే ఉందయ్యా, ఇంతే."

రెండు అరచేతులూ దోసిలిపట్టి చూపించింది.

కలం ఆగిపోయింది. అలెకా ఆ దోసిలి వైపే చూస్తున్నాడు. బయట వుబె ఎవరినో ఆటపట్టిస్తున్న గొంతు వినిపిస్తోంది.

"పుట్టిన బిడ్డకి ఇవన్నీ గుర్తుంటాయా తల్లీ?"

చాపిన చేతుల్ని వెనక్కి ఎలా తీసుకోవాలో ఆమెకి తెలియలేదు.

"అమ్మ... అమ్మ చెప్పిందయ్యా."

"ఊఁ." ఆయన కలం పక్కన పెట్టాడు. "ఆ పిల్ల ఎన్నాళ్ళు బతికింది?"

"మూడేళ్ళు," అనేసింది.

ఆయన తల దించుకుని సిరా బుడ్డికి మూత పెట్టాడు.

"రేపు వచ్చి ఆ కింద గీత మీద పేరు రాసి వెళ్ళు. ఇవాళ చెయ్యి వణుకుతోంది నీకు."

అలెకా మెర్షా కడుపులో మాట కడుపులోనే దాచుకునే మనిషి. ఆఫీసు గుమస్తాలంటే ఆయనకి అసలే పడదు. చచ్చినా ఎవరికీ చెప్పేవాడు కాదు. ఆ సంగతి ఆమెకి ఎవరు చెప్పాలి? ఆమె చెవిలో 'రేపు' అన్న ఒక్క మాటే పడింది.

తెల్లారి పొద్దు పొడుస్తుండగా, పండితులు నీడ కొలిచే రాయి మీద ఇంకా నీడ పడకముందే, ఆమె చిన్న మూటతో గేటు దగ్గరికి వచ్చింది. వుబె ఆవలిస్తూ గడియ తీశాడు.

"ఇంత పొద్దున్నే ఎక్కడికి చెల్లెమ్మా?"

"చర్చికి."

"నా పేర కూడా ఓ దండం పెట్టు. నా పాపాలకి నువ్వు రెండు దండాలన్నా పెట్టాలి."

"అలాగే తమ్ముడూ."

"తమ్ముడా! అలెకా నిన్ను కూడా పెంచేశాడా ఏంటి!" వుబె నవ్వుతూనే గేటు మూశాడు. ఆమె వెనక్కి తిరగలేదు. చర్చికి కుడివైపు తిరగాలి. ఆమె ఎడమవైపు, బస్సులు ఆగే చోటికి దిగింది. కింద ఏదో బండి హారన్ మోగితే గోడ వారకి ఒదిగి నిలబడి, అది దాటిపోయాక మళ్ళీ నడిచింది.

అలెకా వచ్చేసరికి గది ఊడ్చి ఉంది. సిరా బుడ్డికి మూత లేదు. బల్లమీద కార్డు ఉంది. కింద గీత మీద వాళ్ళ లిపిలో నాలుగే అక్షరాలు, ఎన్నో ఏళ్ళుగా రాయని అక్షరాలు, ఒకటి పెద్దదీ ఒకటి చిన్నదీ: దెబ్రితు. ఆఖరి అక్షరం దగ్గర సిరా ఎక్కువై కారి, కార్డు బల్లకి అంటుకుపోయి ఉంది.