ఎర్ర గుడ్డ దించినవాడి పేరు

రెండో విచారణ లోగా మేం చేయాల్సిన పనులు ఇవి. ఫిలిప్పు సమాధి మీద మన్ను కుంగకుండా రాళ్లు పేర్చాలి. బర్నబా తాత కాలు నయమయ్యేదాకా అతని వంతు కంకర మాలో ఎవరో ఒకరు కొట్టాలి. ధన్నూర నుంచి, బసవకళ్యాణ్ రోడ్డు పని నుంచి కూలీల పెద్దలను పిలిపించాలి. కాంట్రాక్టరు మనిషి వాడలోకి వస్తే ఎవరూ ఒంటరిగా మాట్లాడకూడదు. వీటన్నిటికన్నా ముందు, దయమ్మ చేతుల భాష మేమంతా నేర్చుకోవాలి.

ఆ చివరి పని వినగానే చాలామంది నవ్వారు. మొదటి విచారణ చూసినవాళ్లు మాత్రం నవ్వలేదు.

మైసూరు రాష్ట్రానికి కర్ణాటక అని పేరు పెట్టిన ఏడు అది. పేరు మారింది గాని కరువు మారలేదు. బీదరు చుట్టూ బావులు ఎండిపోయి, జనమంతా గంపలు పట్టుకుని రోడ్డు పనికి వచ్చారు. చిమ్కోడ్ దారిలో రాయి తీసే క్వారీ కాంట్రాక్టరు సిద్ధప్పది. మా వాడలో మొదటి బి.ఏ.ని నేను. నేనూ సుత్తె పట్టాను.

"ఏం తబితా, కాలేజీల గీ రాయి కొట్టుడే నేర్పిన్రా?" అని నా పక్కనే కంకర కొట్టే రాజవ్వ రోజూ ఎగతాళి చేసేది.

మా వాడలో కొన్ని ఇళ్లలో తరతరాలుగా వినపడనివాళ్లు పుడుతున్నారు. బర్నబా తాత, దయమ్మ, ఆమె తమ్ముడు అహరోను అలాంటివాళ్లే. వాళ్లకో చేతి మాట ఉంది. మాకు అందులో తిండి, నీళ్లు, రా, పో తప్ప ఏమీ రాదు. వినేవాళ్లలో దాన్ని పూర్తిగా నేర్చినవాడు ఫిలిప్పు ఒక్కడే. దయమ్మను పెళ్లాడాలనే నేర్చుకున్నాడు.

క్వారీలో బండ పగలడానికి మందు తూటా పేల్చే ముందు మేస్త్రీ ఈల వేస్తాడు. ఈల వినపడనివాళ్ల కోసం కట్టె మీద ఎర్ర గుడ్డ ఎగరేయాలని కొట్లాడి సాధించింది ఫిలిప్పే. గుడ్డ ఎగిరితే రోడ్డు మీద లారీలు కూడా ఆగాలి. అదే సిద్ధప్పకు కంటగింపు.

ఆ రోజు ఈల మోగింది. మేమంతా దిబ్బ వెనక్కి వెళ్లాం. ఫిలిప్పు తల ఎత్తి చూస్తే కట్టె మీద గుడ్డ లేదు. బర్నబా తాత గుంతలోనే వంగి రాయి కొడుతున్నాడు. ఫిలిప్పు ఉరికాడు. తాతను అవతలికి నెట్టాడు, తాతకు కాలికే దెబ్బ తగిలింది. తను బయటపడలేదు.

గుడ్డ ఏమైందో చూసింది దయమ్మ ఒక్కతే. ఆ వేళ ఆమె ఎదుటి గట్టు మీద నీళ్ల కుండతో వస్తోంది.

మొదటి విచారణ తాలూకా కచేరీ వరండాలో జరిగింది. సిద్ధప్ప తను ఆనాడు బసవకళ్యాణ్‌లో ఉన్నానని చెప్పాడు. దయమ్మను పిలిచారు. ఆమె చేతులు కదిలాయి, ముఖం కదిలింది, ఒళ్లంతా కదిలింది. అధికారికి ఏమీ అర్థం కాలేదు.

"ఏన్ హేళ్తాళ ఈకి?" అని కన్నడలో అడిగాడు, ఈమె ఏమంటోందని.

సిద్ధప్ప లెక్కలు రాసే మున్షీ దయానంద్ ముందుకొచ్చాడు. మూగవాళ్ల మాట తనకు తెలుసన్నాడు. దయమ్మ ముందు రెండు చేతులూ ఈగలు తోలినట్టు ఆడించి, అధికారి వైపు తిరిగాడు. "మొగుడు తాగి గుంతల దిగిండంట సార్. గాలికి గుడ్డ కొట్టుకపోయిందంట. దేవుని చిత్తం అంటున్నది."

దయమ్మ అతని పెదవులను చూసింది, మమ్మల్ని చూసింది. అహరోను ఎగిరి దయానంద్ కాలరు పట్టుకున్నాడు. పోలీసులు వాడిని కొట్టి బయటికి ఈడ్చేశారు. అబద్ధమని మా అందరికీ తెలుసు. నిజమేమిటో చెప్పగలిగినవాళ్లం ఒక్కరమూ లేము.

ఫిలిప్పు తల్లి కరుణమ్మ జీపు ముందు పడుకుంది. "నా మీద్కెళ్లి పోనియ్ సార్! ఇద్దరి సావులు ఒక్కటే కాయితం మీద రాసుకో!" జనం పెరిగారు. అధికారి ఇంకో వాయిదా ఇచ్చాడు.

ఆ సాయంత్రం ప్రార్థన మందిరంలో కూడి, మొదట చెప్పిన పనులన్నీ అనుకున్నాం. చిమ్కోడ్ రాజన్న లేచాడు. "చేతులు తిప్పుడు నేర్సుకుంట కూసుంటే లారీలు ఆగుతయా? పని బంద్ పెడదాం. రేపే!"

దయమ్మ కాలితో నేలను గట్టిగా తన్నింది. ఇటు చూడండని పిలవడం వాళ్లకు అలాగే. అందరం తిరిగాం. ఆమె మా చెవులను ఒక్కొక్కరివే చూపింది. ఈల నోట్లో పెట్టుకున్నట్టు చేసింది. దిబ్బ వెనక్కి ఉరికి, ముడుచుకుని, చెవులు మూసుకుని కూర్చుంది. ఆ తర్వాత బర్నబా తాతను చూపింది. గుడ్డ లేని కట్టెను గాలిలో గీసి చూపింది. తర్జుమా ఎవరికీ అవసరం లేకపోయింది. మీ చెవులు మిమ్మల్ని కాపాడాయి, మరి మేం?

రాజన్న మెల్లగా కూర్చున్నాడు. "బందు ఎట్లయినా పెడదాం. నేర్సుకునే పెడదాం" అన్నాడు.

ఆ మర్నాటి నుంచి సాయంత్రాలు అక్కడే బడి. అది చేతులతోనే అయ్యే భాష కాదు. ప్రశ్న కనుబొమ్మల్లో ఉంటుంది. కాదనడం తలలో ఉంటుంది. ముందు చోటు చెప్పాలి, తర్వాత మనిషి, ఆ తర్వాతే పని. బండలా బిగుసుకున్న ముఖంతో మాట్లాడితే దయమ్మ గులకరాయి విసిరేది. ఎక్కువ రాళ్లు తిన్నది రాజవ్వే.

"మొకం గూడ మాట్లాడాల్నా? నా మొగని ముంగట గూడ గింత మొకం జెయ్యలే తల్లీ!"

వినేవాళ్లను చేతి మాటవాళ్లు ఏమంటారో అప్పుడు తెలిసింది. పెదవుల ముందు వేలు గిరగిరా తిప్పుతారు. ఊరికే నోరు కదిలించేవాళ్లని. వాళ్ల భాషలో మనిషి పేరు అతని గుర్తును బట్టో, చేసిన పనిని బట్టో వస్తుంది. అంతకన్నా పెద్ద పని చేస్తే పేరు మారుతుంది. సిద్ధప్పకు ఒకప్పుడు మీసమని పేరు. ఆ రోజు అతను జీపు దిగి, లారీలు ఆగకుండా తన చేతితోనే ఎర్ర గుడ్డ లాగేశాడు. దానితో బూట్ల మీది దుమ్ము తుడుచుకుని పారేశాడు. దయమ్మ ఎడమ పిడికిలిని బూటులా పట్టి, కుడిచేత్తో రెండుసార్లు తుడిచింది. బర్నబా తాత, అహరోను తలలూపారు. అంతే, సిద్ధప్పకు ఆ పేరు పడిపోయింది.

మాకు పాఠమంటే వేరే ఏముంది? ఆ రోజు జరిగిందే పాఠం. దయమ్మ రోజూ తన మొగుడి చావును మొదటి నుంచి చేతులతో చెప్పాలి. ఒకనాడు ఆమె చేతులు మధ్యలో ఆగిపోయాయి. ఇక చాలన్నాను నేను. కరుణమ్మ ఒప్పుకోలేదు. కోడలిని ఏనాడూ పేరు పెట్టి పిలవకుండా మూగది అన్న మనిషి ఆమె.

"మల్ల జెప్పమను. సక్కగ నేర్సుకోన్రి నా కొడుకు సావు. ఒక్క ముక్క పోవద్దు. నా పానం ఉన్నంతకాలం వాన్ని ఇడువ" అంది. తప్పులు పోతూనే ముసలి వేళ్లతో దయమ్మ వెంట చేసింది.

ఆ పేరు బజారుకెక్కింది. సిద్ధప్ప చాయ్ హోటల్లోకి వస్తే కప్పు కడిగేవాడు పిడికిలి తుడిచేవాడు. కూరగాయల గంపల వెనక ఆడవాళ్లు తుడిచేవారు. నోరు విప్పితే గదా తిట్టావని కొట్టడానికి! వాయిదాకు ముందు దయానంద్ మా వాడకు వచ్చాడు. అందరం చుట్టూ నిలబడ్డాం.

"సాబు ఇంటి జాగ ఇస్తడంట. ఊకె గా పిడికిలి తుడుసుడు ఒక్కటి మానుమనున్రి. ఎనకటి లెక్క మీసమని పిలుసుకోన్రి."

నేను అదంతా దయమ్మకు చేతులతో చెప్పాను. ఆమె చివరిదాకా చూసింది. తర్వాత రెండు కళ్లూ మూసుకుంది. చేతి మాటవాళ్లు కళ్లు మూసుకోవడమంటే ముఖం మీద తలుపు వేయడమే.

"జాగ మీ సాబునే ఉంచుకోమను బిడ్డా" అంది కరుణమ్మ. "ఆరడుగులు ఆయనకు గూడ పనికొస్తది. జెల్దినే పనికి రావాలె."

రెండో విచారణ నాడు కచేరీ వరండా ముందు నిలబడటానికి చోటు లేదు. ఆమె చేతులు కనపడేలా దయమ్మకు ఎదురుగా నిలబడ్డాం. దయానంద్ నోరు తెరవకముందే మా గొంతులన్నీ ఒక్కటిగా లేచాయి. ఆమె చేతులు చెప్పిందల్లా పలికాం.

"క్వారీ. కట్టె. కట్టె మీద ఎర్ర గుడ్డ. జీపు ఆగింది. సిద్ధప్ప దిగిండు. గుడ్డ గుంజిండు. బూట్లు తుడుసుకుండు. మేస్త్రీకి చెయ్యి ఊపిండు, పేల్చమని."

"వీళ్లు బట్టీ పట్టి వచ్చారు" అన్నాడు అధికారి.

"ఔ సార్, నేర్సుకునే వచ్చినం!" అంది రాజవ్వ. "నువ్వు నేర్సుకోకపోతివి!"

అధికారి ముఖం ఎర్రబడింది. మాకు జవాబు తెలియని ప్రశ్న ఒకటి వేశాడు. గుడ్డ లాగినప్పుడు అతని రెండో చేతిలో ఏముంది? నేను కనుబొమ్మలు ఎత్తి అడిగాను. దయమ్మ పిడికిలి మీద అరచేయి విప్పి గొడుగు పట్టింది.

"గొడుగు!" అన్నారు జనం.

"అబద్ధం!" అని సిద్ధప్ప కుర్చీలోంచి లేచాడు. "గొడుగు జీపులోనే ఉండె ఆ దినం! నేను చేత పట్టనే లేదు!"

బసవకళ్యాణ్‌లో ఉన్నానన్న మనిషి! ఆ వెంటనే కచేరీ పెంకులు ఎగిరేంత కేక లేచింది. సిద్ధప్ప కూర్చున్నాడు. అధికారి అతన్ని చూశాడు, వరండా ముందున్న జనాన్ని చూశాడు. కాగితాల కట్ట మూసి, గాలికి గుడ్డ కొట్టుకుపోయి జరిగిన ప్రమాదమని రాయించాడు. జనాన్ని రెచ్చగొట్టినందుకు దయమ్మను పట్టుకొమ్మన్నాడు.

పోలీసులు ఆమె చేతులు వెనక్కి విరిచి తాడుతో కట్టారు. మనలాంటివాళ్ల చేతులు కడితే చేతులే కట్టినట్టు. ఆమెకు అది నోట్లో గుడ్డలు కుక్కడం. దయమ్మ అరవలేదు. కాలితో నేలను తన్నింది. అందరి కళ్లూ ఆమె మీదికి తిరిగాయి. ఆమె అత్తను చూసింది.

కరుణమ్మ ఎడమ పిడికిలి ఎత్తింది. కుడిచేత్తో రెండుసార్లు తుడిచింది. రాజన్న ఎత్తాడు. ధన్నూరవాళ్లు ఎత్తారు. కన్నడవాళ్లు, మరాఠీవాళ్లు, టాంగావాళ్లు, కచేరీకి ఏదో పని మీద వచ్చినవాళ్లు, అందరూ. ఒక్క గొంతూ లేవలేదు.

"తాడు సాలుతదా సాబ్?" అంది రాజవ్వ, ఇన్‌స్పెక్టరు ముఖంలోకే చూస్తూ. "అందరికి చేతులున్నయి!"

సిద్ధప్ప తన జీపు దాకా ఆ చేతుల మధ్య నుంచే నడవాల్సి వచ్చింది. తల ఎత్తితే జనం, వంచితే తన బూట్లు. జనం చేతులు దించలేదు, దారి మాత్రం ఇచ్చారు. అతను ఒక్కొక్క ముఖాన్నీ దాటాలి, ఒక్కొక్క పిడికిలినీ చూడాలి.

మర్నాడు క్వారీలో సుత్తె లేవలేదు. బసవకళ్యాణ్ రోడ్డు మీద కూడా లేవలేదు. సిద్ధప్ప కూలీల కోసం ఊరూరూ తిరిగాడు. తను చేరకముందే ప్రతి ఊరికీ అతని పేరు చేరి ఉంది. ఇంకా తిరుగుతున్నాడు. తిరగనీ. మేం మరిచేవాళ్లం కాదు, క్షమించేవాళ్లం అంతకన్నా కాదు.

కార్మికులారా, విద్యార్థులారా, ఇది చదివిన మీరు దయమ్మను గుర్తుంచుకోండి. ఆమె ఇంకా జైల్లో ఉంది. ఆమెతో మాట్లాడగల మనిషి అక్కడ ఒక్కరూ లేరు. వచ్చే ఆదివారం మేం జైలు ముందుకు వెళ్తున్నాం. మీరూ రండి. నినాదాలు ఇస్తే ఆమెకు వినపడవు. జైలు పై కిటికీలోంచి ఆమెకు కనపడేంత ఎత్తున చేతులు లేపండి.