అక్క కుడి భుజం

మా బావ చేతికి ఒక ఫోటో ఇస్తే చాలు, ఏ దేశపు గౌనైనా మధ్యాహ్నం భోజనాల వేళకి బల్ల మీద ఉంటుంది. ఫోటో ఇవ్వకపోతే మాత్రం జేబురుమాలు కూడా కత్తిరించలేడు. ఈ సంగతి టౌన్ హాల్లో ప్రదర్శన పెట్టిన ఏడాది దాకా మాకెవరికీ తెలియదు. ఆయనకీ తెలియదు.

మా కుట్టుపని గది బజారు వెనక సందులో, మేడ మీద ఉంది. మెట్లెక్కగానే బావ కటింగ్ బల్ల, కిటికీ వెంబడి మిషన్లు, మూలన నా ఇస్త్రీ బల్ల. ఒకప్పుడు ఆ మిషన్ల రొదలో పక్కవాడికి మాట చెప్పాలంటే చెవిలో అరవాల్సి వచ్చేది. ఇప్పుడు పిన్ని మిషను ఒక్కటే తిరుగుతోంది. మిగతావి ముసుగులు కప్పుకుని కూచున్నాయి. పిన్ని మాలో ఎవరికీ చుట్టం కాదు. అందరూ వెళ్ళిపోయాక కూడా ఉండిపోయిన మనిషిని వేరే ఏమని పిలుస్తాం?

మాకు పనిచ్చేది కింద బట్టల షాపాయన. గది కూడా ఆయనదే. పని జరిగే పద్ధతి ఇదీ. బైటి దేశంలో ఎక్కడో ఒక పిల్ల కొత్త గౌను వేసుకుని నలుగురి ముందూ నడుస్తుంది. ఆ ఫోటో షాపాయన ఫోనుకి వస్తుంది, అక్కణ్ణించి బావ ఫోనుకి. బావ దాన్ని రెండు వేళ్ళతో సాగదీసి, ఒక కన్ను మూసి చూసి, పేపరు మీద సుద్దముక్కతో గీస్తాడు. పిన్ని శాంపిలు కుడుతుంది. దాన్ని మా అక్క వేసుకుని నిలబడుతుంది. బావ చుట్టూ తిరిగి గుండుసూదులు గుచ్చుతాడు. అక్కడితో అది ఖాయం. ఇంక అదే కొలతకి మూటలు మూటలు కుట్టి కిందికి దింపుతాం. దాన్ని ఊళ్ళో కొత్త ఫ్యాషన్ అంటారు.

బట్టలు వేసి చూడ్డానికి బొమ్మ లేక కాదు. ఉంది. మెట్ల దగ్గర నిలబెట్టి దాని మెడకి గొడుగులు తగిలిస్తాం. బావకి అది నచ్చదు.

"అది మాట్లాడదురా. చంకలో పట్టేసిందని ఎవరు చెప్తారు?" అంటాడు.

అక్క మాట్లాడుతుంది.

"ఊపిరాడ్డం లేదండీ."

"అది ఫ్యాషనే."

"ఊపిరాడకపోవడం ఫ్యాషనా? విప్పండి, వదులు చెయ్యండి."

అలా దేశంలోకి వచ్చిన ఫ్యాషన్లన్నీ మా అక్క చేతిలో కాస్త వదులై బజారుకి వెళ్ళేవి.

అక్క కుడి భుజం కొద్దిగా కిందికి ఉంటుంది. బట్టల తాన్లు ఆ భుజం మీద పెట్టుకుని మెట్లెక్కీ ఎక్కీ అలా దిగిపోయింది. మామూలుగా చూస్తే తెలియదు. బైటి దేశపు గౌను వేస్తే తెలుస్తుంది. కుడి పక్క జారిపోయి మెడ ఓరకి పోతుంది. బావ అక్కడ చిన్న మడత పెట్టి సూది గుచ్చేవాడు. ఆ మడతని అలాగే పేపరు మీదికి ఎక్కించేవాడు. అది అక్క కోసమే పెట్టిందనీ, అందరికీ అక్కర్లేదనీ ఆయనకి తోచలేదు. మాకూ తోచలేదు. మా సందులోంచి బైటపడ్డ ప్రతి టాపుకీ, గౌనుకీ, కోటుకీ కుడి భుజం దగ్గర ఒక మడత. ఊరి ఆడవాళ్ళు ఏళ్ళ తరబడి దాన్నే వేసుకున్నారు. ఒక్కరూ అదేమిటని అడగలేదు.

ఒక రోజు షాపాయన ఆయాసపడుతూ మేడెక్కాడు.

"మాస్టారూ, ఇంక కాపీలు ఆపెయ్యండి."

"ఏం, సరిగ్గా రాలేదా?" బావ మొహం మాడిపోయింది.

"అచ్చు గుద్దినట్టు వచ్చింది. కానీ మీరు గీత గీసే లోపలే అదే గౌను కుట్టేసింది బైటి నుంచి ఓడలో వచ్చి దిగిపోతోంది. మీ కుట్టుకూలి కంటే చవగ్గా. నేనేం చెయ్యను?"

"టీవీలో మంత్రిగారు చెప్పారు కదండీ, మన ఫ్యాషన్ ప్రపంచానికే దారి చూపిస్తోందని," అంది అక్క.

పిన్ని మిషను ఆపకుండానే అంది. "చూపించనీ తల్లీ. ఆ దారినే ఒక ఆర్డరు ఇటు రమ్మను."

షాపాయన నవ్వి, బల్ల అంచున కూచున్నాడు. టౌన్ హాల్లో మన ఫ్యాషన్ల ప్రదర్శన పెడుతున్నారట. ఒక్కో కుట్టుపని గది నుంచి ఒక్క బట్ట పెట్టొచ్చు. ఎవరిదీ చూసి కుట్టింది కాకూడదు, సొంతం అయ్యుండాలి. పెద్ద షాపుల తరఫున కొనే మేడమ్ ఒకావిడ వస్తుంది. ఆవిడకి నచ్చితే పని దొరుకుతుంది.

"నచ్చకపోతే?" అన్నాడు బావ.

షాపాయన ముసుగులు కప్పిన మిషన్ల వంక చూశాడు. "ఓడ సరుకు దాచుకోడానికి నాకో గోడౌన్ కావాలి మాస్టారూ," అన్నాడు మెల్లగా. మంచివాడు కాబట్టి నేల చూస్తూ అన్నాడు.

మర్నాటి నుంచీ బావ తెల్ల పేపరు పరుచుకుని కూచున్నాడు. అక్క టీ తెచ్చిపెట్టింది.

"ఏమన్నా వచ్చిందా?"

"వస్తోంది. ఆలోచన వస్తోంది."

"రానీండి. తలుపు తీసే ఉంచాను."

మొదట ఒక పెద్ద కాలరున్న గౌను గీశాడు. పిన్ని కళ్ళజోడు పైకి నెట్టి చూసి, "నిరుడు వానల్లో కుట్టాం కదా దీన్ని. అది ఎరుపు," అంది. తర్వాత ఒక పొడుగు చేతుల కోటు. "షాపాయన కూతురికి కుట్టలేదూ? బొత్తాలు ఊడిపోయాయని గొడవ చేసింది, అదే." బావ పేపరు ఉండ చుట్టాడు. ఇంకొకటి గీశాడు. దాన్ని పిన్ని తిప్పి తిప్పి చూసింది. ఎక్కడా కుట్టిన జ్ఞాపకం లేదంది. బావ మొహం వెలిగిపోయింది. నడుం కింద ఘేరు గుండ్రంగా విచ్చుకుని, అంచులు కోసుగా ఉన్నాయి. నాకు మాత్రం ఎక్కడో చూసినట్టే ఉంది.

"బావా, మెట్ల దగ్గర బొమ్మకి తగిలించిన గొడుగు కదూ అది?"

అక్క పైట నోట్లో కుక్కుకుని లోపలికి పరిగెత్తింది.  పొద్దుగూకాక నేను గది ఊడుస్తుంటే బావ దగ్గరికొచ్చాడు.

"ఒరేయ్, ఇన్నేళ్ళ నుంచీ కత్తెర పట్టాను. నాదంటూ ఒక్క గౌను లేదురా నా బుర్రలో. అన్నీ ఎవరెవరివో ఉన్నాయి."

 ఇస్త్రీపెట్టె చల్లారిందో లేదో ముట్టుకుని చూశాను.

ఆ మర్నాడు షాపాయన నుంచి ఫోటో వచ్చింది. కుట్టమని కాదు, అలవాటు కొద్దీ పంపాడు. ఈ ఏడు ప్రపంచమంతా దీని వెంటే పడుతోందట, ఊరికే చూడండి అని. బావ రెండు వేళ్ళతో సాగదీశాడు. ఒక కన్ను మూశాడు. మూసిన కన్ను కూడా తెరిచాడు.

"ఇలా రావే."

"మళ్ళీ ఏం వేసుకోవాలి?"

"ఏం వద్దు. ఊరికే నిలబడు."

ఫోను తీసుకెళ్ళి అక్క భుజం పక్కన పెట్టాడు. ఫోటోలో పిల్ల రివటలా ఉంది. భుజాలు రెండూ అలమార అరలా సమంగా ఉన్నాయి. అయినా గౌనుకి కుడి భుజం దగ్గర మడత ఉంది.

"ఇది నీ భుజమేనే!"

అక్క వంగి చూసింది. "నా భుజం అంత సన్నగా ఎప్పుడుంది?"

షాపాయనకి ఫోను చేస్తే సంగతి తెలిసింది. పోయినేడు బైటి దేశం వాళ్ళు కొందరు వచ్చి, బజారంతా తిరిగి, ఆ మడత చూసి ముచ్చటపడి, ఇది ఇక్కడి చేతిపని కళ అనుకుని మూట కట్టుకుపోయారు. మేం వాళ్ళని చూసి కుడుతుంటే వాళ్ళు మమ్మల్ని చూసి కుట్టారు. బావకి కాసేపు కోపం వచ్చింది. కోపం పోయి గర్వం వచ్చింది. ఆ గర్వం సాయంత్రం దాకా దిగలేదు.

"భుజం నాది, పొంగేది ఈయన ఛాతీ," అంది అక్క.

ప్రదర్శనకి ఏం పెట్టాలో ఇంక వెతుక్కోనక్కర్లేదనుకున్నాడు బావ. మిగిలిపోయిన నీలం బట్టతో ఒక సాదా టాపు కుట్టించాడు. పూలు లేవు, పూసలు లేవు. ఆ ఒక్క మడతే. బొమ్మ మెడలోంచి గొడుగులు తీసి, తుడిచి, దాన్నీ మోసుకుని అందరం టౌన్ హాలుకి వెళ్ళాం.

హాలు గుమ్మానికి 'మన ఫ్యాషన్ మన గర్వం' అని పెద్ద గుడ్డ కట్టారు. ఆ గుడ్డ ఓడలో వచ్చిన రకం. చెయ్యి వేస్తే నాకు తెలుస్తుంది. లోపల ఒక గౌను ఎంత పెద్దదంటే, వేసుకున్న పిల్ల గుమ్మంలోంచి పక్కకి తిరిగి రావాల్సి వచ్చింది. ఇంకో గౌను వేసుకున్న పిల్ల కూచోడానికి వీల్లేక గోడకి ఆనుకుని ఉంది. మైకులో ఒకాయన మన ఫ్యాషన్ పరుగులు తీస్తోందని చెబుతున్నాడు.

మా బల్ల దగ్గర అసలు కష్టం మొదలైంది. టాపు బొమ్మకి నిలవడం లేదు. బొమ్మ భుజాలు సమానం కదా. మడత కుడి పక్క గూడు కట్టుకుని లేచి ఉంది. బావ లాగుతున్నాడు, నొక్కుతున్నాడు, సూదులు గుచ్చుతున్నాడు. అంతలో ఆ మేడమ్ రానే వచ్చింది. ముక్కు చివర కళ్ళజోడు, భుజానికి ఇంత సంచీ. మాటిమాటికీ చొక్కా పైకి లాక్కుంటోంది.

"కుట్టుపని బావుందండీ," అంది. "కానీ ఇది బైటి ఫ్యాషన్ కదా? ఈ మడత నిన్ననే పత్రికలో చూశాను. మేం సొంతం అడిగాం."

"మాదేనండి," అన్నాడు బావ.  "వాళ్ళే మాది చూసి..."

"పొద్దున్నించీ అందరూ ఇదే చెబుతున్నారు." మేడమ్ నవ్వింది. వెక్కిరింపు లేదు ఆ నవ్వులో. అలసట ఉంది. "పైగా మీ బొమ్మకే కుదర్లేదు చూడండి."

"అది బొమ్మకి కుట్టింది కాదండి," అన్నాడు బావ. "మా ఆవిడకి."

చుట్టూ ఉన్నవాళ్ళు గొల్లున నవ్వారు. బావ చెవులు ఎర్రబడ్డాయి. మేడమ్ పక్క బల్ల వైపు తిరగబోయింది. నాకు ఓడ సరుకు మూటలు మా మిషన్ల మీద పేర్చి ఉన్నట్టు కనిపించింది.

అక్క బల్ల వెనక నుంచి లేచి వచ్చింది. "తియ్యండి ఇలా," అని బొమ్మ మీంచి టాపు లాగి, కట్టుకున్న బట్టల మీదే వేసుకుంది. మడత భుజానికి అతుక్కుని పడుకుంది. అక్క చెయ్యెత్తింది. మడత విచ్చుకుంది. దించింది. మళ్ళీ పడుకుంది.

మేడమ్ ఆగింది. "మీ భుజానికేమైంది?"

"ఏం కాలేదండీ. తాన్లు మోశాను, దిగింది. ఈయన నా మీద వేసి చూస్తాడు కదా, నా భుజానికి పెట్టిన మడత ఊరందరికీ పెట్టేశాడు మతిలేకుండా."

"మతుండే పెట్టాను," అన్నాడు బావ.

"ఎప్పుడొచ్చిందండీ మతి? మొన్న ఫోటో చూశాకా?"

మేడమ్ ఈసారి నిజంగా నవ్వింది. "బావుందమ్మా. కానీ మీకు తప్ప ఇంకెవరికి కుదురుతుంది ఇది?"

బావ నా వంక చూశాడు.  అక్క మాత్రం మేడమ్ భుజం వంక చూస్తోంది. చటుక్కున రెండు చేతులూ వేసి ఆవిడ చొక్కా సర్దింది.

"అయ్యో, మీదీ దిగిందేనండీ! ఇంత సంచీ ఎప్పుడూ ఈ కుడి భుజానికేనా? ఉండండి, ఇది ఒకసారి వేసుకోండి. పోయేదేముంది?"

మేడమ్ వద్దంటూనే తెర వెనక్కి వెళ్ళింది. చాలాసేపు బైటికి రాలేదు. వచ్చాక అద్దం ముందు చెయ్యెత్తి చూసుకుంది, దించి చూసుకుంది, సంచీ తగిలించుకుని మళ్ళీ చూసుకుంది.

"ఇన్నాళ్ళూ దర్జీలని తిట్టుకున్నాను," అంది.

తర్వాత హాలంతా ఒకసారి కలియజూసింది. నేల తుడిచే ఆవిడ, బిడ్డని ఎత్తుకున్న ఆవిడ, బట్టలు మోస్తున్న పిల్లలు. ఆవిడ వాళ్ళ భుజాలు చూస్తోందని మాకు తెలుసు.

చివరికి మాట తేలింది. సీజనంతా ఇవ్వలేనంది. ముందు ఒక్క షాపుకి సరిపడా కుట్టమంది, అమ్ముడైతే మిగతావి. "ఒక్క మాట. షాపులో మాత్రం దీన్ని బైటి మోడల్ అనే రాస్తారు. మనదంటే మనవాళ్ళు ముట్టుకోరు."

బావ ఏదో అనబోయాడు. అక్క ఆయన కాలు తొక్కింది. "రాసుకోనివ్వండి మేడమ్. మా మిషన్లు తిరిగితే చాలు."

షాపాయన గోడౌన్ వేరే సందులో చూసుకున్నాడు. మా గదిలో ఇంకో మిషను ముసుగు తీసింది. బావ కొత్త తాను విప్పి బల్ల మీద పరిచాడు.

"ఆగండి," అంది అక్క. "ముందు నాకొకటి."

"నీకా? రోజూ వేసుకుంటూనే ఉన్నావుగా."

"వేసుకోవడం, విప్పడం. ఈ గదిలో నా ఒంటి మీద పడని గౌను లేదు. నా బీరువాలో ఉన్నవన్నీ బజారులో కొన్నవి."

 బావ మెడలో టేపు తీశాడు. ఇన్నేళ్ళు అక్కకి సూదులు గుచ్చాడు గానీ ఎన్నడూ కొలత తీసుకోలేదు. కొలిచాడు. ఫోను బల్ల మీద బోర్లా పెట్టాడు. సుద్దముక్క తీసుకుని ఎక్కడా ఆగకుండా గీశాడు. పిన్ని చూసి, ఇది ఎప్పుడూ కుట్టలేదంది. తను కుట్టాక నేను దాన్ని రెండుసార్లు ఇస్త్రీ చేశాను.

సాయంత్రం కింద తాన్లు దిగాయి. అక్క కొత్త గౌనులోనే దిగి వెళ్ళింది. ఒక తాను ఎత్తి, కుడి భుజం మార్చి, ఎడమ భుజానికి పెట్టుకుని మెట్లెక్కింది.

"అదేంటే, ఎప్పుడూ కుడి పక్క కదా?" అన్నాడు బావ.

"వచ్చే ఏడు మళ్ళీ కొత్తది అడుగుతారుగా. ఇప్పట్నించీ దింపుకుంటే అప్పటికి తయారవుతుంది."

బావ తాను అందుకోబోయి, ఆ ఎడమ భుజం వంక చూస్తూ నిలబడిపోయాడు. చెయ్యి జేబులో సుద్దముక్క కోసం వెతుకుతోంది.

తాను నేను అందుకున్నాను.