సర్దిపెట్టిన ఇల్లు

కోర్టు అమీనా జప్తుకు వస్తున్నాడని తెలియగానే దర్జీ భార్య ఇల్లు సర్దింది. చుట్టాలొస్తున్నట్టు గచ్చు కడిగింది. కుట్టాల్సిన బట్టల్ని కూడా పట్టుకుపోతారేమోనని మూటగట్టి వాళ్ల పిన్ని ఇంట్లో దాచింది. కత్తెర, టేపు, దారపు ఉండలు అటకెక్కాయి. కుట్టుమిషను మీద అల్లిక గుడ్డ కప్పి, దాని మీద పూలకుండీ పెట్టింది. ఒక్క పీలికైనా లేని ఆ గదిని చూస్తే దర్జీకి అది తన ఇల్లేనా అనిపించింది.

ఆ అప్పు అతను చేసింది కాదు. బావమరిది వ్యాపారం పెడతానంటే హామీ సంతకం పెట్టాడు. వ్యాపారం మునిగింది, బావమరిది ఫోను ఎత్తడం మానేశాడు. ఈ మాట భార్య దగ్గర అంటే పుట్టింటిని ఆడిపోసుకున్నట్టు. అనకపోతే కడుపు ఉడికిపోతోంది.

అమీనా ఇద్దరు కూలీలనీ ఒక తోపుడు బండినీ వెంటేసుకుని వచ్చాడు. మర్యాదస్థుడే. తిట్టేవాడైతే తిరిగి తిట్టొచ్చు, ఇలాంటి వాణ్ణి ఏమనాలో దర్జీకి తోచలేదు.

"మంచం, గిన్నెలు నేను ముట్టుకోనండీ. ఆ బల్ల ఒక్కటే కాస్త ధర పలికేలా ఉంది."

"బల్ల కాదు సార్, కుట్టుమిషను. దానిమీదే బతుకుతున్నాం."

"బతుకుతెరువు పనిముట్టయితే తీసుకెళ్లకూడదు, రూలుంది. కానీ పని జరుగుతున్న జాడేదండీ? నెత్తిన పూలకుండీ పెట్టుకున్నదాన్ని పనిముట్టని రాస్తే, అప్పిచ్చినవాళ్లు రేపు నా పీక పట్టుకుంటారు."

దర్జీకి అరికాలి మంట నెత్తికెక్కింది. భార్య వైపు చూశాడు. ఆవిడ గోడ వైపు చూసింది.

"బట్టల మూట ఉంది సార్, ఇప్పుడే తెస్తాను."

"ఇప్పుడు తెచ్చిపెట్టినవి చెల్లవు. ఒక పని చేయండి. మీ వీధిలో ఎవరైనా ఒకరు, ఈయన మా బట్టలు కుడతాడని రాసి సంతకం పెడితే చాలు, వెళ్లిపోతాను. కానీ వాళ్లని మీరే అడగాలి. మీ అప్పు సంగతి నేను బయటపెట్టకూడదు."

అతను కుట్టిన బట్టలు తొడుక్కోని ఇల్లు ఆ వీధిలో లేదు. దర్జీ గుమ్మం దాకా వెళ్లాడు. ఎదురుగా కొట్టాయన త్రాసు తుడుస్తూ చెయ్యి ఊపాడు. ఇతనూ ఊపాడు. పిలిస్తే ఎందుకని అడుగుతాడు. ఎందుకో చెబితే సాయంత్రానికల్లా వీధంతా చెప్పుకుంటుంది. వెనక్కి వచ్చేశాడు.

"ఎవరూ లేరు సార్."

"పిలవండీ! పరువు కూడు పెడుతుందా?" అంది భార్య గొంతు తగ్గించి.

"మరి పొద్దున్నుంచీ ఆ పరువు కోసమే కదే గచ్చు అరిగేలా కడిగావు!"

అమీనా నేల చూపులు చూశాడు. అంతలో గుమ్మంలో ఆ వీధి టీచరమ్మ కనబడింది.

"అన్నయ్యా, మా పాప గౌను అయిందా?"

అమీనా ముఖం వెలిగింది. పెన్ను మూత తీసి, అడగండి అన్నట్టు దర్జీకి కళ్లతో సైగ చేశాడు.

"ఈ బండేంటి? వీళ్లంతా ఎవరన్నయ్యా?" అంది టీచరమ్మ.

చెప్పాలి. ఒక్క మాట చెబితే మిషను నిలుస్తుంది. దర్జీకి ఆ సంగతి తెలుసు, నోరు తెరిచాడు కూడా.

"మిషను పాడైంది టీచరమ్మా. రిపేరు షాపు వాళ్లు వచ్చారు."

ఆ మాట అంత తేలిగ్గా ఎలా వచ్చిందో అతనికే తెలియలేదు. భార్య మంచం మీద కూలబడింది. అమీనా కాసేపు ఆగి చూశాడు, దర్జీ ఇంకేమైనా అంటాడేమోనని. తరువాత పెన్నుకి మూత పెట్టేశాడు.

కూలీలు పూలకుండీ దించి మిషను ఎత్తారు.

"చక్రం పట్టుకుని లాగకండి!" దర్జీ గబుక్కున ముందుకొచ్చి తనూ ఒక చెయ్యి వేశాడు. ముగ్గురూ కలిసి దాన్ని బండెక్కించారు.

టీచరమ్మ దారి ఇచ్చి, అమీనా వైపు తిరిగింది.

"త్వరగా బాగుచేసి పంపండి బాబూ. ఈయన కుట్టకపోతే మా వీధికి గడవదు."

"అలాగేనమ్మా" అన్నాడు అమీనా తలెత్తకుండా.