వాసన సూడమ్మా

సిలిండర్ మీది రెగ్యులేటర్ మీటను ఆపు వైపు తిప్పి, తిరిగిందో లేదో చేత్తో మరోసారి తడిమి చూసుకున్నాడు ఓదెలు. గోడకున్న నీళ్ళ వాల్వు కట్టేశాడు. కుళాయి విప్పి పైపులో మిగిలిన నీళ్ళు బకెట్లోకి వదిలాడు. గీజర్ అడుగునున్న రెండు బ్యాటరీ సెల్లులు తీసి జేబులో వేసుకున్నాడు. అప్పుడు తలెత్తి చూస్తే, బాత్రూం వెంటిలేటర్‌లో ఎవరో కుక్కిన అట్టముక్క ఉంది.

"అమ్మా, గీ అట్ట ఎవలు వెట్టిన్రు?"

"మా ఆయనేనయ్యా. మీ మచ్చ బొల్లారం చలికి వణికి చస్తున్నాం," అంది అమ్మాజీ గుమ్మంలోంచి. వాళ్ళది కాకినాడ వైపు. భర్త ఫణిభూషణ్ బ్యాంకు ఉద్యోగి. ఇల్లు కట్టుకుని రెండేళ్ళయింది.

"సలికి సావరు గని, కిటికీలు మూసుకుంటె గీ గ్యాసుకు సస్తరు. గాలి ఆడాలె."

బకెట్ బోర్లించి ఎక్కి అట్ట పీకేశాడు. దిగేటప్పుడు మోకాలు కలుక్కుమంది. యాభై ఎనిమిదేళ్ళ మోకాలు. కాసేపు గోడ పట్టుకుని నిలబడి, మళ్ళీ గొంతుక్కూర్చున్నాడు.

ఒక పానాతో పైపును కదలకుండా పట్టి, రెండోదానితో గీజర్ పాత గ్యాసు వాల్వు నట్టు తిప్పాడు. ఉప్పునీళ్ళకు ఇత్తడంతా పచ్చగా చిలుమెక్కి, ఓ పట్టాన కదల్లేదు. సిలిండర్‌ను కొంచెం ఇవతలికి లాక్కుని, చోటు చేసుకుని, బలమంతా పెడితే ఊడింది. కొత్త వాషర్ వేసి, కొత్త వాల్వును ముందు వేళ్ళతోనే ఎక్కించాడు. ఎడమ బొటనవేలికి గోరు లేదు. అయినా మర సరిగా కూర్చున్నదీ లేనిదీ ముందు ఆ వేలికే తెలుస్తుంది. ఆ తర్వాతే పానా.

ఈ పనికి రాకముందు పదిహేనేళ్ళు మేడ్చల్ దగ్గర ఒక రంగుల కంపెనీలో డ్రమ్ములు కడిగాడు. అది మూతపడ్డాక పొయ్యిలు బాగు చేయడం నేర్చుకున్నాడు, తర్వాత గీజర్లు. రెండేళ్ళ కిందట మేడ్చల్ బస్టాండు వెనక చాయ్ తాగుతుంటే, పక్కనున్నవాళ్ళంతా ముక్కులు మూసుకుని లేచిపోయారు. మూత్రాల గోడ పక్కన తానొక్కడే నింపాదిగా గ్లాసు పట్టుకుని కూర్చున్నాడు. ముక్కు పోయిందని ఆ రోజు తెలిసింది. గ్యాసు పని చేసేవాడు ఆ మాట ఎవరితో అంటాడు? భార్య మైసమ్మతో కూడా అనలేదు. ఆమె కట్టిచ్చే కూరల రుచి తెలియడం లేదన్నదీ దాచాడు.

అప్పట్నుంచి ఒక పద్ధతి పెట్టుకున్నాడు. పనయ్యాక ఇంటామెను పిలిచి, "ఒక్కపారి వాసన సూడమ్మా, నీ మనసు నిమ్మలమైతెనే నేను పోత," అంటాడు. ఆమె బాగుందంటే లేస్తాడు. ఎంత మర్యాదస్తుడో అని కాలనీల్లో పేరు కూడా వచ్చింది.

సబ్బు నురగ కలిపి, గ్యాసు వదిలి, కొత్త వాల్వు చుట్టూ బ్రష్‌తో పూశాడు. కళ్ళద్దాలు సర్దుకుని చూశాడు. ఒక్క బుడగ లేవలేదు.

"ఒక్కపారి వాసన సూడమ్మా."

అమ్మాజీ లోపలికి వంగి గట్టిగా పీల్చింది. "ఏ వాసనా లేదయ్యా. బ్రహ్మాండం."

జేబులోంచి సెల్లులు తీశాడు. ఒకటి వేశాడు. రెండోది వేస్తుండగా కాలేజీ నుంచి వచ్చిన కూతురు అమూల్య తువ్వాలుతో పెరటి వైపు నుంచి వచ్చి ఆగిపోయింది.

"అమ్మా! గ్యాసు కంపు! నీకు తెలీట్లేదా?" అంటూ లైటు స్విచ్చి మీద చెయ్యి వేయబోయింది.

"ముట్టకు బిడ్డా!"

ఆ అరుపుకు పిల్ల బిగుసుకుపోయింది. ఓదెలు ఒక్క అంగలో వెళ్ళి సిలిండర్ కట్టేశాడు. పెరటి తలుపు బార్లా తెరిచాడు.

"నాకు పది రోజుల్నుంచీ రొంపేనే, ఏ వాసనా తెలిసి చావట్లేదు," అంది అమ్మాజీ, ముక్కు తుడుచుకుంటూ.

గాలంతా మారాక నేల మీద బోర్లా పడుకుని, పైపు పొడుగునా నురగ పూసుకుంటూ వచ్చాడు. రెగ్యులేటర్ మూతి దగ్గర రబ్బరు పైపు సగం జారి ఉంది. నురగ గుడగుడా పొంగింది. ఇందాక సిలిండర్ లాగింది తనే. చూసింది మాత్రం తను విప్పిన చోటే.

కొత్త పైపు తొడిగి, క్లిప్పు బిగించి, మళ్ళీ నురగ పూశాడు. ఈసారి అమూల్యే వాసన చూసింది.

"లేదు అంకుల్. ఇందాక మీకు రాలేదా?"

"రాలే బిడ్డా. నాకు ఏ వాసనా రాదు."

అని రెండో సెల్లు వేశాడు. గోడకున్న నీళ్ళ వాల్వు తిప్పాడు.

తనకు పని ఇచ్చే జనార్ధన్ దుకాణానికి వచ్చేసరికి నాలుగైంది. తండ్రి పొలాలమ్మాక రోడ్డు పక్కన మిగిలిన మడిగెలో అతను ఈ పొయ్యిల దుకాణం పెట్టి ఎనిమిదేళ్ళు.

"రేపు సూరారంల రెండు గీజర్లున్నయే, ఓదెలన్నా."

"ఇగ నేను రాను పటేలా."

"ఏందే, ఎవలన్న నిన్ను ఎగరేసుకపోతున్నరా?"

"ముక్కు పనిజేస్తలేదు. రెండేండ్లాయె."

జనార్ధన్ నవ్వబోయి ఆగాడు. "మరి ఇన్నొద్దులు ఎట్ల జేసినవే?"

"ఆడోళ్ళు సూసిన్రు. గియ్యాల ఓ పిల్ల సూసింది. లేకుంటె..."

"కౌంటర్ల కూసో మరి. పొయ్యిలు అమ్ముదువు."

"అమ్మినంక సూపియ్యాలె గద, అంటువెట్టి. లీకైతె నాకెట్ల ఎర్క?"

సంచి బల్ల మీద పెట్టి, చెప్పులు వేసుకుని శామీర్‌పేట బస్సు ఆగే వైపు నడిచాడు. జనార్ధన్ ఆ సంచిని బల్ల కిందికి తోశాడు.

సాయంత్రం షట్టర్ దించబోతూ కుర్చీ కింద ఓదెలు మరిచిపోయిన స్టీలు డబ్బా చూశాడు. మైసమ్మ పొద్దున కట్టిచ్చింది. మూత తీయగానే ఎండురొయ్యల కూర వాసన దుకాణమంతా కమ్ముకుంది. పెట్టిన అన్నం పెట్టినట్టే, మూత గుండ్రం అచ్చు పడి, ఒక్క మెతుకు కదలకుండా ఉంది.